వాక్యం చెప్పని పాస్టరు



1954 ఏప్రిల్. అమెరికాలోని పిట్స్‌బర్గ్‌లో డబ్ల్యూక్యూఈడీ అనే కొత్త టీవీ స్టేషను అప్పుడే కళ్లు తెరిచింది. వ్యాపార ప్రకటనలు లేకుండా, ఊరి జనం ఇచ్చే చందాలతో నడిచే స్టేషను. డబ్బుకు కటకటే. అందులో పిల్లల కార్యక్రమం ఒకటి మొదలైంది. అంతా ప్రత్యక్ష ప్రసారం. తప్పు జరిగితే ఊరంతా చూడాల్సిందే. జోసీ కేరీ అనే అమ్మాయి కెమెరా ముందు నిలబడి పాడుతుంది, కబుర్లు చెబుతుంది. మధ్యమధ్య, ఎక్కడెక్కడో అడిగి ఉచితంగా తెచ్చిన చిన్న ఫిల్ములు వేస్తారు. అవేమో పాతవి, పెళుసువి. ఎండుపుల్లలా పుటుక్కున తెగేవి. తెగిందంటే చూపించడానికి ఏమీ ఉండదు. అతికించేదాకా ఎవరో ఒకరు ఏదో ఒకటి చెయ్యాలి.

ప్రసారం మొదలయ్యే ముందురోజు రాత్రి స్టేషను మేనేజరు డొరొతీ డేనియల్ సిబ్బందికి విందు ఇచ్చి, తలా ఒక చిన్న కానుక పంచింది. ఒక కుర్రాడి వంతుకు చేతికి తొడుక్కునే చారల పులిబొమ్మ వచ్చింది. మర్నాడు సెట్టు మీద బొమ్మ గడియారం ఉంటే, అతను దాని వెనక చేరి, కన్నంలోంచి పులి తల బయటికి తోశాడు. పులి టైమెంతయిందో చెప్పింది, చరిత్రలోంచి ఒక ముక్క చెప్పింది, లోపలికి వెళ్లిపోయింది. అంతే. ఆ తర్వాత ఫిల్ము తెగినప్పుడల్లా బొమ్మలే ఆదుకునేవి. మేనేజరమ్మ పేరే పులికి పెట్టారు. డేనియల్. ఆ పులి ఇంకో యాభై ఏళ్లు బతుకుతుందని అప్పుడు ఎవరూ అనుకుని ఉండరు.

ఫిల్ము తెగడం మాట వచ్చింది కాబట్టి ఇక్కడ చిన్న పక్కదారి. అసలు ఆ చుట్టచుట్టే సెల్యులాయిడ్ ఫిల్ముకు మొదట పేటెంటు దరఖాస్తు పెట్టింది కూడా ఒక పాస్టరే. పేరు హానిబల్ గుడ్విన్. న్యూజెర్సీ రాష్ట్రం నూఅర్క్ పట్టణంలో చర్చి గురువు. పిల్లలకు బైబిలు కథలు బొమ్మలతో చూపించాలంటే అప్పట్లో గాజు పలకలే గతి. బరువు, పైగా కింద పడితే ముక్కలు. పగలనిది కావాలని ఇంట్లోనే రసాయనాలు కలిపి కలిపి, 1887 మే 2న దరఖాస్తు పెట్టాడు. పేటెంటు చేతికొచ్చింది 1898లో, పదకొండేళ్లకు. ఫ్యాక్టరీ పెట్టబోతుండగా 1900 డిసెంబరు 31న చనిపోయాడు. ఆ పేటెంటు కొన్నవాళ్లు ఈస్ట్‌మన్ కొడాక్ మీద దావా గెలిచి, 1914లో 50 లక్షల డాలర్లు రాబట్టారు. అలా చూస్తే సినిమా పుట్టిన ఇంట్లోనే ఒక పాస్టరు ఉన్నాడు. ఆయన తీసింది మాత్రం ఏమీ లేదు.

మన కథ తీసిన పాస్టరుది.

గడియారం వెనక మోకాళ్ల మీద కూర్చున్న ఆ 26 ఏళ్ల కుర్రాడి పేరు ఫ్రెడ్ రోజర్స్. అప్పటికింకా పాస్టరు కాడు. 1928 మార్చి 20న, పిట్స్‌బర్గ్‌కు తూర్పున ఉన్న లాట్రోబ్ అనే చిన్న పట్టణంలో, ఇటుకల వ్యాపారం చేసే కలిగిన కుటుంబంలో పుట్టాడు. బొద్దుగా ఉండేవాడు, ఉబ్బసం. బడిపిల్లలు లావు ఫ్రెడ్డీ అని వెంటపడి ఏడిపిస్తే ఇంటికొచ్చి బొమ్మలతో ఆడుకునేవాడు, పియానో వాయించుకునేవాడు. ఫ్లోరిడాలోని రాలిన్స్ కాలేజీలో సంగీత రచన చదివి 1951లో పట్టా తీసుకున్నాడు. వేదాంత కళాశాలలో చేరాలన్నది అతని ఆలోచన. ఈలోగా సెలవులకు ఇంటికొస్తే ముందుగదిలో టీవీ పెట్టె కనిపించింది. అందులో పెద్దవాళ్లు ఒకళ్ల మొహం మీద ఒకళ్లు మీగడ రొట్టెలు విసురుకుంటున్నారు. పిల్లలు చూసేది ఇదా అని ఒళ్లు మండింది. ఒళ్లు మండితే మామూలుగా మనం టీవీ కట్టేస్తాం. ఇతను టీవీలో చేరాడు.

న్యూయార్క్‌లో ఎన్‌బీసీలో ఉద్యోగం. మొదట టీ కాఫీలు అందించే పనులు, తర్వాత ఫ్లోర్ మేనేజరు. సంగీత కార్యక్రమాలు, పాటల కార్యక్రమాలు, గ్యాబీ హేస్ అనే ముసలి కౌబాయ్ నటుడి పిల్లల కార్యక్రమం, అన్నిటిలోనూ చేశాడు. ఒకరోజు హేస్‌ను అడిగాడట, లక్షల మంది చూస్తుంటే కెమెరా కేసి చూసి మాట్లాడటం ఎలాగని. ఒక్క చిన్న కుర్రాడే ఎదురుగా ఉన్నాడనుకోవడమేనని ముసలాయన జవాబు. మన రేడియోలో మైకు ముందు కూర్చునే కొత్తవాళ్లకు పెద్దవాళ్లు చెప్పేదీ ఇదే. ఊరికంతటికీ చెప్పకు, ఒక్కరికి చెప్పు అని. రేడియో అన్నయ్య న్యాయపతి రాఘవరావు గారు, అక్కయ్య కామేశ్వరి గారు బాలానందం నడిపిన తీరు తెలిసిన శ్రోతలకు ఇది కొత్త విద్య కాదు.

న్యూయార్క్‌లో పైకి రావడానికి మెట్లు కనిపిస్తున్నా వదిలేసి, 1953లో, ఇంకా ప్రసారం కూడా మొదలుపెట్టని పిట్స్‌బర్గ్ స్టేషనుకు వచ్చేశాడు. అక్కడ ఆర్గను వాయించేది అతనే, పాటలకు బాణీ కట్టేది అతనే, బొమ్మలకు గొంతిచ్చేదీ అతనే. ఆర్గను దగ్గర్నుంచి బొమ్మల తెర వెనక్కి పరుగెత్తాలి. తోలు బూట్లు టకటకమంటే ఆ చప్పుడు గాల్లోకి పోతుంది. అందుకని కాన్వాసు బూట్లు తొడుక్కునేవాడు. తర్వాత్తర్వాత అమెరికా అంతా ఎరిగిన ఆ బూట్ల వెనక వేదాంతమేమీ లేదు, శబ్దం రాకూడదన్న జాగ్రత్తే. ఆ కార్యక్రమానికి బడ్జెట్టు 30 డాలర్లు.

ఇదంతా చేస్తూనే మధ్యాహ్నం భోజనం విరామంలో వేదాంత కళాశాలకు వెళ్లి పాఠాలు వినేవాడు. ఒక్కో పాఠ్యాంశం చొప్పున ఎనిమిదేళ్లు పట్టింది. 1962లో పట్టా వచ్చింది. 1963లో పిట్స్‌బర్గ్ ప్రెస్బిటేరియన్ సంఘం అతనికి పాస్టరుగా అభిషేకం చేసింది. మన వైపు అభిషేకం అయిన పాస్టరు గారికి ఒక చర్చి అప్పజెబుతారు. ఆ ఊరి పెళ్లిళ్లు, చావులు, ఆదివారం వాక్యం, కానుకల లెక్క, అన్నీ ఆయన భుజాన పడతాయి. ఇతనికి చర్చి ఇవ్వలేదు. సువార్తికుడి హోదా ఇచ్చి, టీవీ ద్వారా పిల్లలకూ వాళ్ల ఇళ్లవాళ్లకూ సేవ చెయ్యమని పని అప్పగించారు. టీవీ స్టూడియోనే అతని ఊరైంది, ప్రసారమే సేవ అయింది.

టీవీలో పాస్టరు అనగానే మనకు కనిపించే బొమ్మ వేరు. పెద్ద గొంతు, వేదిక, కింద పరుగెత్తే ఫోను నంబరు. ఇతని కార్యక్రమంలో అవేవీ లేవు. దేవుడి పేరెత్తి బోధించడం లేదు. యూదుల పిల్లలున్నారు, ముస్లిముల పిల్లలున్నారు, ఏ మతమూ లేని ఇళ్ల పిల్లలున్నారు, వాళ్లెవరికీ ఇది నాది కాదనిపించకూడదన్నది అతని పట్టుదల. స్టూడియోలోకి అడుగుపెట్టే ముందు మాత్రం లోలోపల చిన్న ప్రార్థన చేసుకునేవాడు, తాను అనే మాటల్లో ఏదో ఒకటైనా దేవుడి మాటగా వినబడాలని. తెరకూ, దాని ముందు కూర్చున్న బిడ్డకూ మధ్య ఉండే జాగా పవిత్రమైనదని అతను నమ్మాడు. ఆ నమ్మకం వాక్యంగా ఎక్కడా వినబడదు. కెమెరా ఎంత నెమ్మదిగా కదలాలి, ఒక మాట ఉంచాలా తియ్యాలా, మౌనం ఎన్ని సెకన్లు ఉండాలి, ఇలాంటి నిర్ణయాల్లో కనబడుతుంది. ప్రొడక్షను పనే అతని పరిచర్య. ఆ ముప్పై ఏళ్ల పని చూస్తే నాకు అర్థమైంది ఇదే.

పాస్టరైన ఏడాదే కెనడా పిలిచింది. సీబీసీలో పిల్లల విభాగం చూసే ఫ్రెడ్ రెయిన్స్‌బెరీ, నువ్వు పిల్లలతో మాట్లాడటం చూశాను, కెమెరా ముందుకు రా అన్నాడు. అప్పటిదాకా బొమ్మల వెనకే దాక్కున్న మనిషి 35వ ఏట మొదటిసారి మొహం చూపించాడు. పావుగంట కార్యక్రమం. తిరిగి పిట్స్‌బర్గ్ వచ్చి 1966లో అరగంట కార్యక్రమంగా పెంచాడు. మరుసటి ఏడాదికి డబ్బులు అయిపోయాయి. ఆగిపోతుందన్న మాట విని బోస్టన్‌లో అతన్ని చూడటానికి పిల్లల్ని వెంటేసుకుని వేలమంది జనం వచ్చారు. స్టేషనువాళ్లు వందల్లో అనుకున్నారు. సియర్స్ రోబక్ ఫౌండేషన్, జాతీయ విద్యా టెలివిజన్ కలిసి డబ్బు పెట్టాయి. 1968 ఫిబ్రవరి 19న 'మిస్టర్ రోజర్స్ నైబర్‌హుడ్' దేశమంతటా మొదలైంది.

కార్యక్రమం చూడనివారికి ఒక అరగంట చెబుతాను. బొమ్మ ఇళ్ల ఊరు, దాని మీదుగా కెమెరా మెల్లగా వస్తుంది. ఒక సన్నటి మనిషి పాడుకుంటూ తలుపు తీసుకుని లోపలికొస్తాడు. కోటు విప్పి తగిలిస్తాడు, జిప్పున్న స్వెట్టరు వేసుకుంటాడు. ఆ స్వెట్టర్లు వాళ్లమ్మ అల్లినవి, ప్రతి క్రిస్మస్‌కూ అల్లి ఇచ్చేది. కూర్చుని తోలు బూట్లు విప్పి కాన్వాసు బూట్లు తొడుగుతాడు. ఇంట్లో పసుపు రంగు దీపం ఒకటి వెలిగి ఆరుతూ ఉంటుంది, ట్రాఫిక్కు దీపంలా. నెమ్మదించమని గుర్తు. చేపలకు మేత వేస్తాడు. చిన్న ట్రాలీ బండి గంట మోగిస్తూ వచ్చి గోడలోని సొరంగంలో దూరి, బొమ్మల రాజ్యానికి తీసుకుపోతుంది. రాజుగారు, గుడ్లగూబ, పిల్లి, మొహమాటపు పులి డేనియల్. దాదాపు అన్ని గొంతులూ ఆయనవే. అయినా ఆ రాజ్యంలో ఆయన ఎప్పుడూ కనిపించడు. ఇల్లు నిజం, రాజ్యం ఊహ, మధ్యలో ట్రాలీ. నిజమేదో ఊహ ఏదో పిల్లలకు తికమక కాకూడదని కట్టిన గోడ అది. పక్కన జానీ కోస్టా అనే జాజ్ విద్వాంసుడు ట్రాలీ కదిలినా బూటు విప్పినా దానికి తగ్గట్టు అక్కడికక్కడే పియానో వాయిస్తాడు. పిల్లలకేగా అని అరకొర సంగీతం వాయించేవాడు కాడు.

ఈ చేపల మేత సంగతి. ఒక చూపులేని పాప ఇంటినుంచి ఉత్తరం వచ్చింది. ఆయన చేపలకు మేత వేశాడో లేదో తెలియక పాప దిగులుపడుతోందని, దయచేసి పైకి చెప్పమని. అప్పట్నుంచి మేత వేస్తూ, ఇప్పుడు చేపలకు అన్నం పెడుతున్నాను అని పైకి అనడం మొదలుపెట్టాడు. ఆ మాట ఎందుకో లక్షలమందికి తెలియదు. ఒక్కళ్లకు తెలుసు.

మాట విషయంలో ఆయన పట్టింపు దగ్గర పనిచేసేవాళ్లకు తలనొప్పి కూడా. ఒకసారి ఆసుపత్రి దృశ్యంలో నర్సు రక్తపోటు పట్టీ కట్టి, దీన్ని ఇప్పుడు బ్లో అప్ చేస్తాను అంటుంది. ఇంగ్లీషులో ఆ మాటకు గాలి నింపడమనీ అర్థం, పేల్చెయ్యడమనీ అర్థం. పెద్దవాళ్లెవరికీ అనుమానం రాదు. నాలుగేళ్ల పిల్ల మాత్రం పేలుతుందేమోనని చెవులు మూసుకోవచ్చు, ఆ తర్వాతి మాటలు వినకపోవచ్చు. ఆ ముక్క మళ్లీ రికార్డు చేయించాడు, కొంచెం గాలి నింపుతాను అని.

ఇలా ప్రతి వాక్యాన్నీ జల్లెడపట్టడం చూసి, 1977లో ఆయన రచయితలు ఇద్దరు, ఆర్థర్ గ్రీన్‌వాల్డ్, బారీ హెడ్, సరదాకి ఒక చిన్న పుస్తకం తయారుచేశారు. ఫ్రెడ్ భాషలోకి తర్జుమా చెయ్యడం ఎలా అని, తొమ్మిది మెట్లు. రోడ్డు మీద ఆడటం ప్రమాదం అన్న మాట తీసుకున్నారు. మొదట దాన్ని భయపెట్టకుండా, భద్రంగా ఉన్నచోట ఆడుకోవడం మంచిది అని తిప్పాలి. భద్రమైన చోటేదో పసివాడికేం తెలుసు, కాబట్టి అమ్మానాన్నల్ని అడగమనాలి. అడుగు అనడం ఆజ్ఞ, కాబట్టి వాళ్లు చెబుతారు అనాలి. చెబుతారన్న గ్యారంటీ ఏముంది, చెప్పగలరు అనాలి. అందరికీ అమ్మానాన్నలు ఉండరు, కాబట్టి నీకు ఇష్టమైన పెద్దవాళ్లు అనాలి. ఇంకా మూడు మెట్లు మిగిలే ఉన్నాయి. చివరికి వాక్యం పెద్దవడం గురించిన ముచ్చటగా తేలుతుంది, రోడ్డు ఎక్కడో వెనకబడిపోతుంది. వేళాకోళమే గానీ అందులో అబద్ధం లేదు. ఆ ఆరో మెట్టు, అందరికీ అమ్మానాన్నలు ఉండరన్నది, మన పాఠ్యపుస్తకాలు రాసేవాళ్లలో ఎంతమందికి తడుతుందో.

ఈ జల్లెడ ఆయన సొంతంగా కనిపెట్టినది కాదు. పిట్స్‌బర్గ్ విశ్వవిద్యాలయంలో పిల్లల మనస్తత్వం చెప్పే మార్గరెట్ మెక్‌ఫార్లండ్ గారి దగ్గర, వేదాంతం చదివే రోజుల్లోనే చేరాడు. 1988లో ఆవిడ చనిపోయేదాకా స్క్రిప్టులూ పాటలూ పట్టుకెళ్లి ఆవిడతో మాట్లాడుతూనే ఉన్నాడు. ఒకసారి ఆవిడ పసిపిల్లల బడికి ఒక శిల్పిని పిలిచి, పాఠం చెప్పొద్దు, వాళ్ల ముందు కూర్చుని మట్టిని ప్రేమించు చాలు అందట. ఇది రోజర్స్ తరచూ చెప్పుకున్న కథ. క్రెయాన్లు ఎలా తయారవుతాయో ఫ్యాక్టరీకి వెళ్లి తీసిన ఆయన ఫిల్ము చూడండి, ఆ శిల్పే గుర్తొస్తాడు. మైనం కరుగుతుంది, రంగు కలుస్తుంది, అచ్చులోంచి వరసలు లేస్తాయి, ఆయన వ్యాఖ్యానం తక్కువ. చూడనిస్తాడు.

1969 మే 1. వాషింగ్టన్‌లో సెనేట్ ఉపసంఘం. కొత్తగా పుట్టిన ప్రజా ప్రసార సంస్థకు 2 కోట్ల డాలర్లు ఇవ్వాలా, నిక్సన్ ప్రభుత్వం కోరినట్టు సగానికి కొయ్యాలా అన్నది తగువు. ఉపసంఘం అధ్యక్షుడు రోడ్ ఐలండ్ సెనేటర్ జాన్ పాస్టోరీ, కరుకు మనిషి, రెండు రోజులుగా రాసుకొచ్చిన ప్రసంగాలు విని విసిగి ఉన్నాడు. రోజర్స్ వంతు వచ్చింది. కాగితం చదవను, మీరు తర్వాత చదువుతారని నమ్ముతాను అని పక్కన పెట్టేశాడు. లెక్క చెప్పాడు. అప్పుడు 30 డాలర్లు, ఇప్పుడు ఒక్కో కార్యక్రమానికి 6,000. ఆ 6,000తో కార్టూను ఫిల్ము రెండు నిమిషాలు కూడా రాదు. తర్వాత, కోపం వచ్చినప్పుడు ఏం చెయ్యాలో పిల్లలకు తాను రాసిన పాటను పాడకుండా మాటలుగా చెప్పాడు. అంతా కలిపి ఆరేడు నిమిషాలు. పాస్టోరీ తనకు ఒళ్లు గగుర్పొడిచిందని ఒప్పుకుని, మీ 2 కోట్లు మీరు సంపాదించుకున్నట్టే అన్నాడు. ఆ రికార్డింగు ఇప్పటికీ దొరుకుతుంది. ఆయన గొంతు కాస్త వణుకుతూనే ఉంటుంది.

అదే నెలలో ప్రసారమైన ఒక భాగం గురించి అమెరికాలో ఇప్పటికీ మాట్లాడుకుంటారు. ఎండరోజు. రోజర్స్ పిల్లల ప్లాస్టిక్ తొట్టిలో నీళ్లు పోసుకుని కాళ్లు పెట్టుకుని కూర్చున్నాడు. పోలీసు వేషంలో ఉన్న నల్లజాతి గాయకుడు ఫ్రాంస్వా క్లెమన్స్ అటువైపు వస్తే, రండి, మీరూ కాళ్లు పెట్టండి అంటాడు. నాలుగు పాదాలు ఒకే నీళ్లలో. తెల్లవాళ్ల ఈత కొలనుల్లోకి నల్లవాళ్లను దిగనివ్వని రోజులు ఇంకా జ్ఞాపకాల్లో పచ్చిగా ఉన్నాయి. ఆ సంగతి ఎవరూ ఎత్తరు. వెళ్లేటప్పుడు తువ్వాలు ఒకటే ఉంటుంది, ఇద్దరూ దానితోనే తుడుచుకుంటారు. చెరువు గట్టున ఎవరు ఏ వైపు నీళ్లు తోడుకోవాలో కులాన్నిబట్టి తేల్చిన మన ఊళ్లవాళ్లకు ఈ దృశ్యాన్ని విడమర్చి చెప్పనక్కర్లేదు.

అయితే ఆ క్లెమన్సే తర్వాత చెప్పిన ఇంకో సంగతీ ఉంది. తాను స్వలింగ సంపర్కుడినన్న విషయం రోజర్స్‌కు తెలిసినప్పుడు, అది బయటపడితే కార్యక్రమంలో ఉండటం కుదరదని చెప్పాడట, డబ్బిచ్చే సంస్థలు వెనక్కిపోతాయన్న భయంతో. క్లెమన్స్ దాన్ని దాచలేదు, అలాగని ఆయన మీద ప్రేమా దాచలేదు. తండ్రిలాంటివాడని అన్నాడు. రోజర్స్‌ను దేవుణ్ణి చేసి చెప్పేవాళ్లు ఈ ముక్క వదిలేస్తుంటారు. వదిలేస్తే 6,000 డాలర్ల బడ్జెట్టుతో నడిచే నిర్మాత మెడ మీద ఏ కత్తి వేలాడేదో అర్థం కాదు.

పిట్స్‌బర్గ్ సినిమా పెద్దలకు ఆయన స్టూడియో ఒక బడి కూడా. జార్జ్ రొమేరో అనే కుర్ర దర్శకుడు మొదట్లో ఈ కార్యక్రమానికి చిన్న చిన్న ఫిల్ములు తీసేవాడు. రోజర్స్‌కు టాన్సిల్స్ ఆపరేషను జరిగినట్టు తీసిన ఫిల్మే తాను తీసినవాటిలో అతి భయంకరమైనదని తర్వాత నవ్వులాటగా అనేవాడు. 1968లో, ఇటు రోజర్స్ దేశమంతటికీ పరిచయమైన ఏడాదే, అటు రొమేరో శవాలు లేచొచ్చి మనుషుల్ని తినే 'నైట్ ఆఫ్ ది లివింగ్ డెడ్' తీసి ప్రపంచాన్ని హడలెత్తించాడు. మైకేల్ కీటన్, తర్వాత బ్యాట్‌మన్ వేసినవాడు, 1970లలో ఇక్కడ సెట్టు పనులు చేసేవాడు. పిట్స్‌బర్గ్ అనగానే మన తెలుగువాళ్లకు గుట్ట మీద వేంకటేశ్వరస్వామి గుడి గుర్తొస్తుంది. ఆ గుడి లేచిన 1970లలోనే అదే ఊరి ఇంకో మూల ఈ పనులన్నీ నడుస్తున్నాయి. ఆ దశకాల్లో అమెరికాలో పెరిగిన మన పిల్లలకు కూడా ఇంగ్లీషులో నెమ్మదిగా మాట్లాడిన మొదటి పెద్దమనిషి బహుశా ఈయనే అయి ఉంటాడు.

1970ల నడుమ, తీసినవి చాలు, పిల్లలు మారుతుంటారు గనుక అవే మళ్లీ వేసుకోవచ్చని కొత్తవి తియ్యడం ఆపేశాడు. పెద్దవాళ్ల కోసం ముఖాముఖి కార్యక్రమాలు తీశాడు. అవి అంతగా పేలలేదు. ఈలోగా సూపర్‌మ్యాన్‌లా ఎగురుదామని దూకి పిల్లలు దెబ్బలు తగిలించుకుంటున్నారన్న వార్తలు ఆయన్ని కలవరపెట్టాయి. 1979లో మళ్లీ మొదలుపెట్టి, సూపర్ హీరోల మీద ఒక వారమంతా కేటాయించాడు. ఉపన్యాసం దంచలేదు. హాలీవుడ్‌లో 'ఇంక్రెడిబుల్ హల్క్' షూటింగుకు కెమెరా పట్టుకెళ్లి, లూ ఫెరిగ్నో అనే కండలవీరుడు కూర్చుని ఒళ్లంతా పచ్చరంగు పూయించుకోవడం చూపించాడు. రాక్షసుడు కూడా మేకప్ కుర్చీలో ఓపిగ్గా కూర్చోవాలని తెలిశాక భయం ఎక్కడ నిలుస్తుంది?

1983 నవంబరులో ఇంకో వారం. అణుబాంబుల భయం అమెరికా ఇళ్లలో ముదిరిన రోజులు. బొమ్మల రాజ్యంలో ఫ్రైడే రాజుగారికి, పొరుగువాళ్లు బాంబులు చేస్తున్నారని అనుమానం వస్తుంది. తనూ బాంబుల సామాను కొనేస్తాడు, దానితో పిల్లలకు బడిలో సంగీతం పరికరాలకు డబ్బు లేకుండా పోతుంది. తీరా వెళ్లి చూస్తే పొరుగువాళ్లు చేస్తున్నది వంతెన. కథ ఇంతే. మూడేళ్ల పిల్లలకు రక్షణ బడ్జెట్టు గురించి ఇంతకన్నా సూటిగా చెప్పిన నిర్మాత ఇంకొకడు నాకు తెలియదు.

సినిమా, టీవీ పరిశ్రమ చట్టాల్లో కూడా ఆయన పేరుంది. సోనీ బీటామ్యాక్స్ రికార్డరుతో జనం ఇళ్లలో కార్యక్రమాలు రికార్డు చేసుకుంటున్నారని యూనివర్సల్, డిస్నీ సంస్థలు కోర్టుకెక్కాయి. ఆ సంస్థలు జనం తమ సరుకు దొంగిలిస్తున్నారని గగ్గోలు పెడుతుంటే, రోజర్స్ సోనీ వైపు సాక్ష్యం చెప్పాడు. తన కార్యక్రమాన్ని ఇంటిల్లిపాదీ కుదిరినప్పుడు కలిసి చూసుకోవడం మంచిదే, తనకేం అభ్యంతరం లేదని. 1984 జనవరి 17న సుప్రీంకోర్టు 5-4 తేడాతో సోనీకి అనుకూలంగా తీర్పిచ్చింది. తీర్పు అడుగున రోజర్స్ సాక్ష్యాన్ని ఎత్తిరాశారు. 1990లలో మన వీధి చివర వీసీఆర్ అద్దెకు తెచ్చుకుని రాత్రంతా సినిమాలు చూసినవాళ్లు, ఆ పెట్టె అమెరికాలో ఒక్క ఓటు తేడాతో బతికి బట్టకట్టిందని ఎరుగుదురా?

ఆయన స్వెట్టరు ఒకటి, ఎర్రది, 1984లోనే స్మిత్సోనియన్ మ్యూజియానికి చేరింది. 1997లో జీవన సాఫల్య ఎమ్మీ ఇచ్చినప్పుడు వేదికెక్కి, మిమ్మల్ని ప్రేమించి ఇంతవాళ్లను చేసినవాళ్లను తలుచుకోండి, పది సెకన్లు, టైము నేను చూస్తాను అన్నాడు. మణికట్టు కేసి చూస్తూ నిలబడ్డాడు. నగలు పెట్టుకున్న తారలు, నిర్మాతలు కళ్లు తుడుచుకున్నారు. ఒక్కో సెకనుకూ లెక్కకట్టి డబ్బు తీసుకునే రంగంలో పది సెకన్ల నిశ్శబ్దం ప్రసారం చేయించడం చిన్న విషయం కాదు. రేడియోలో అయితే డ్యూటీ ఆఫీసరు పరుగెత్తుకొచ్చేవాడు.

దాదాపు 900 భాగాలు తీశాక, 2000 డిసెంబరులో చివరిది రికార్డయింది. అది 2001 ఆగస్టు 31న ప్రసారమైంది. వీడ్కోలు ప్రసంగం లేదు, కన్నీళ్లు లేవు. ఇదే ఆఖరిదని పిల్లలకు చెప్పలేదు. చెప్పడం ఎందుకు, సోమవారం పాతవి మళ్లీ మొదలవుతాయి, మూడేళ్ల పిల్లకు అవి కొత్తవే కదా. రోజర్స్ 2003 ఫిబ్రవరి 27న, 74వ ఏట, కడుపు క్యాన్సరుతో పోయాడు. ఆ చివరి భాగంలో మాత్రం ఎప్పటిలాగే కాన్వాసు బూట్లు విప్పి తోలు బూట్లు తొడుక్కున్నాడు, స్వెట్టరు తగిలించి కోటు వేసుకున్నాడు, మళ్లీ వస్తానని పాడి తలుపు తీసుకుని వెళ్లిపోయాడు.